ఊరు తలుపేసుకున్న వేసవి

పాలమూరు ఎండలు ఎరిగినవాళ్లకు ఆ ఊళ్ల రాత్రులు కూడా తెలుస్తాయి. మార్చి సగం దాటిందంటే ఇంట్లో పడుకునేవాళ్లు ఉండరు. పొద్దు వాలగానే వాకిట్లో నీళ్లు చల్లి, నులక మంచాలు, నవారు మంచాలు బయటికి లాగుతారు. ముసలివాళ్లు అరుగుల మీద, పిల్లలు ఒక్కో మంచంలో ఇద్దరు ముగ్గురు, వయసు కుర్రాళ్లు మిద్దెల మీద. ఎవరింట్లో ఏం కూర, ఎవరి కోడలు అలిగి పుట్టింటికి పోయింది, ఎవరి బోరు ఎండింది అన్నీ ఆ మంచాల మీదే తేలిపోతాయి. 2018 మార్చి ఆఖర్లో జోగులాంబ గద్వాల జిల్లాలో ఒక కానిస్టేబుల్ తనకు అప్పగించిన ఊరికి పొద్దుగూకే వేళ వెళ్లాడు. వీధిలో మంచాల్లేవు, మనుషుల్లేరు. జనం తలుపులు బిగించుకుని, ఆ ఉక్కపోతలో లోపలే కూర్చున్నారు.

ఆ కబురు ఎస్పీ రెమా రాజేశ్వరి దాకా వెళ్లింది. గద్వాల, వనపర్తి రెండు జిల్లాలూ అప్పుడు ఆమె కిందే ఉన్నాయి. రెండూ కలిపి సుమారు 400 గ్రామాలు. ఒక్కో ఊరిని ఒక్కో పోలీసుకు అప్పగించి, తరచూ వెళ్లి జనంతో మాట్లాడి రమ్మనే పద్ధతి ఆమె అంతకుముందే పెట్టారు. అందుకే విషయం ముందుగా బయటపడింది. స్టేషన్‌కు ఫిర్యాదు వచ్చేదాకా ఆగి ఉంటే ఎప్పటికీ తెలిసేది కాదు. ఎందుకంటే ఫిర్యాదు చేయడానికి ఏమీ జరగలేదు. ఏ ఊళ్లోనూ ఒక్క పిల్లాడూ మాయం కాలేదు. అయినా నడిగడ్డ అని పిలిచే ఆ ప్రాంతం మొత్తం భయంతో బిగుసుకుపోయింది.

ఎందుకా అని ఆరా తీస్తే అందరూ జేబుల్లోంచి ఫోన్లు తీసి చూపించారు.

ఫోన్లో దిగిన దొంగలు

‘పార్థీ గ్యాంగ్ దిగింది. బీహార్ నుంచి వందల మంది వచ్చారు. పగలు బిచ్చగాళ్లలా తిరుగుతారు, రాత్రి పిల్లల్ని ఎత్తుకుపోతారు, కిడ్నీలు తీసి అమ్ముకుంటారు.’ ఆ వేసవిలో ఊరూరా తిరిగిన మాటల సారం ఇది. కొన్ని రాతలు, కొన్ని ఆడియోలు. రాతలకన్నా ఆడియోలు ఎక్కువ పనిచేశాయి. చదువు రాని అవ్వ కూడా మనవడి ఫోన్ చెవి దగ్గర పెట్టుకుని వినొచ్చు. పైగా ఆ గొంతు మన యాసలో, మనింటి మనిషి హెచ్చరించినట్టే ఉంటుంది.

దానికి తోడు బొమ్మలు. వరసగా పడుకోబెట్టిన పిల్లల శవాల ఫొటో ఒకటి దేశమంతా తిరిగింది. అది 2013లో సిరియాలో విషవాయు దాడికి బలైన పిల్లలది. ఇద్దరు బైకు మీద వచ్చి, వీధిలో ఆడుకుంటున్న పిల్లాణ్ని ఎత్తుకుపోయే వీడియో మరొకటి. అది పాకిస్తాన్‌లోని కరాచీలో రోష్ని హెల్ప్‌లైన్ అనే స్వచ్ఛంద సంస్థ కోసం, తల్లిదండ్రులను జాగ్రత్తపరచడానికి తీసింది. అసలు వీడియో చివర్లో ఆ బైకు వెనక్కి వస్తుంది, పిల్లాణ్ని దించేస్తారు, ఒక అట్ట ఎత్తి చూపిస్తారు. పిల్లాణ్ని ఎత్తుకుపోవడానికి క్షణం చాలని దాని సారాంశం. ఎవరో ఆ చివరి ముక్క కోసేశారు. కరాచీలో పిల్లల క్షేమం కోసం తీసిన బొమ్మ మన గద్వాల, ధూలే, బీదర్ చేరేసరికి జనాన్ని కర్రలు పట్టించే బొమ్మయింది.

మన చిన్నప్పటి కాకి కథ గుర్తుండే ఉంటుంది. రాజుగారికి నల్లగా వాంతి అయిందని ఒకడంటే, కాకిలా నల్లగా అని ఇంకొకడు, కాకినే కక్కాడని మరొకడు, ఊరి చివరికి వచ్చేసరికి కాకులు గుంపులు గుంపులుగా ఎగిరాయి. అమెరికన్ మనస్తత్వవేత్తలు ఆల్‌పోర్ట్, పోస్ట్‌మన్ ఈ కాకి ఎలా పుడుతుందో ప్రయోగం చేసి చూశారు. 1947లో వాళ్లు వేసిన ‘పుకారు మనస్తత్వశాస్త్రం’ పుస్తకంలో ఆ వివరాలున్నాయి. ఒకరికి ఒక బొమ్మ చూపించి, చూసింది పక్కవాడికి చెప్పమన్నారు. వాడు ఇంకొకడికి, ఆ ఇంకొకడు మరొకడికి. బొమ్మలో రైలుపెట్టె, అందులో ఒక తెల్లవాడు, ఒక నల్లవాడు. మంగలికత్తి ఉన్నది తెల్లవాడి చేతిలో. సగానికి పైగా ప్రయోగాల్లో మాట నోళ్లు మారుతూ ఏదో ఒకచోట ఆ కత్తి నల్లవాడి చేతికి వచ్చేసింది. ఎవరూ కావాలని అబద్ధమాడలేదు. ఎవరి చేతిలో కత్తి ఉంటుందని తమ మనసులో ముందే ఉందో, జ్ఞాపకం దాన్ని అక్కడ పెట్టేసింది, అంతే.

మన దగ్గర ఆ కత్తి పార్థీల చేతికి ఎందుకొచ్చింది? 1871లో తెల్లదొరలు నేరస్త జాతుల చట్టం తెచ్చి, కొన్ని కులాలకు కులాలనే పుట్టుదొంగలుగా రాసిపెట్టారు. మగవాడు పోలీసుల దగ్గర హాజరు వేయించుకోవాలి, ఊరు దాటాలంటే చీటీ కావాలి. మన బాపట్ల దగ్గర స్టువర్టుపురం ఆ చట్టం నీడలో పుట్టిన ఊరే. 1913 ప్రాంతంలో ఎరుకల కుటుంబాలను అక్కడ చేర్చి, కాలనీ నిర్వహణ సాల్వేషన్ ఆర్మీకి అప్పగించారు. మద్రాసు ప్రభుత్వంలోని హెరాల్డ్ స్టువర్ట్ పేరు పెట్టారు. 1952లో ఆ చట్టం రద్దయింది. చట్టం పోయినా పేరు పోలేదు. ఆ ఊరి పేరు చెబితే బస్సులో పక్కవాడు సంచి దగ్గరికి లాక్కునే రోజులు చాలాకాలం నడిచాయి. మన సినిమాలు కూడా ఆ పేరును బాగానే వాడుకున్నాయి. సంచార జాతి అయిన పార్థీలదీ అదే కథ. కాబట్టి 2018లో ఆ ఆడియో తయారుచేసినవాడెవడో గానీ, దొంగను కొత్తగా కనిపెట్టే శ్రమ వాడికి తప్పింది.

పంపింది మనవాడే

పల్లె జనం అమాయకులు, చదువులేదు, ఫోన్లో ఏది వస్తే అది నమ్ముతారు అని పట్నంలో కూర్చుని తేల్చేయడం తేలిక. నేనైతే ఒప్పుకోను. ఆ మాటే నిజమైతే చదువుకున్నవాళ్లుండే అపార్ట్‌మెంట్ గ్రూపుల్లో పొద్దున్నే ఇన్ని వింత మందులు, ఇన్ని గ్రహణ జాగ్రత్తలు తిరగకూడదు. జనం ఫోన్‌ను నమ్మలేదు, పంపిన మనిషిని నమ్మారు. ‘మన ఊరు’ గ్రూపులో పెట్టింది బావమరిది. వాడికి పంపింది మండలంలో పనిచేసే మేనల్లుడు. పదో తరగతి బ్యాచ్ గ్రూపు, కులసంఘం గ్రూపు, యువజన సంఘం గ్రూపు ఇవన్నీ ఒకరికొకరు అప్పులిచ్చుకునేవాళ్లు, పెళ్లిళ్లకు చదివింపులు రాసేవాళ్లు, శవం లేస్తే భుజం పట్టేవాళ్లు ఉన్న గ్రూపులు. అందులో వచ్చిన మాటను ‘ఇది నిజమేనా’ అని అడగడమంటే సమాచారాన్ని అడగడం కాదు, బావమరిదిని నిలదీయడం. ఎవడు నిలదీస్తాడు?

ఇంకో లెక్క కూడా ఉంది. ముందుకు పంపి, అది అబద్ధమని తేలితే పోయేదేమీ లేదు. ‘మన మంచికే కదా చెప్పిండు’ అంటారు. పంపకుండా ఊరుకుని, రేపు నిజంగా ఏదైనా జరిగితే? ‘తెల్సి కూడా చెప్పలే’ అని జీవితాంతం మాట పడాలి. చంటిపిల్లలున్న ఇంట్లో ఈ తూకం ఎటు మొగ్గుతుందో చెప్పనక్కర్లేదు. 2016 సెప్టెంబరులో జియో వచ్చాక డేటా నీళ్లప్రాయమైంది. ఒకప్పుడు పక్క ఊరి మాట సంతనాటికి గానీ చేరేది కాదు. దారిలో ఎక్కడో ఒకచోట ‘ఆ, వట్టిదేలే’ అనే పెద్దమనిషి తగిలేవాడు. ఇప్పుడా పెద్దమనిషి కూడా గ్రూపులోనే ఉన్నాడు, ఆయనా ఫార్వర్డ్ చేశాడు.

పాలమూరులో ఈ భయం అంత లోతుగా దిగడానికి ఇంకా దగ్గరి కారణం ఒకటుంది. ఇది వలసల జిల్లా. ముంబై, పుణె, హైదరాబాద్‌లలో కట్టే కట్టడాలకు ఇక్కడి చేతులు పోతాయి. తల్లీతండ్రీ మేస్త్రీ వెంట వెళితే పిల్లలు అవ్వ తాతల దగ్గర ఉంటారు. డెబ్భై ఏళ్ల ముసలమ్మ చేతిలో ఇద్దరు మనవలు. కొడుకు ముంబై నుంచి ఆ ఆడియో పంపి ‘అమ్మా, పిల్లలు పైలం’ అంటాడు. ఆమె తలుపేసుకోక ఏం చేస్తుంది?

భయం ముందు, మాట తరవాత

1934 జనవరి 15న బీహార్‌లో పెను భూకంపం వచ్చింది. ఊళ్లు నేలమట్టమయ్యాయి, వేలమంది పోయారు. ఆ రోజుల్లో జనం చెప్పుకున్న పుకార్లను జమునా ప్రసాద్ అనే మనస్తత్వ శాస్త్రవేత్త ఓపిగ్గా పోగేశాడు. నేల కదిలినా ఇళ్లు కూలని చోట్ల జనం ఏమనుకున్నారో చూడండి: పాట్నాను తుపాను ముంచెత్తబోతోంది, నేపాల్ సరిహద్దు నుంచి వరద దూసుకొస్తోంది, ఫలానా తేదీన ప్రళయం. బతికి బయటపడ్డవాళ్లు కుదుటపడే మాటలు చెప్పుకోవాలి కదా, ఇంకా భయపెట్టే మాటలు ఎందుకు? అమెరికాలో లియాన్ ఫెస్టింజర్ అనే మనస్తత్వవేత్తకు ఈ చిక్కుముడే పట్టుకుంది. మనసులో పొంతన కుదరని సంగతుల గురించి అతను 1957లో ప్రకటించిన సిద్ధాంతానికి బీజాల్లో ఇదొకటి. అతనికి తట్టిన జవాబు ఇది: నేల కదిలాక ఒంట్లో వణుకు ఉంది, కళ్లముందు దానికి తగిన నష్టం లేదు. ఆ వణుకుకు తగిన కారణం కావాలి. పుకారు ఆ కారణాన్ని తెచ్చిపెట్టింది. దానికి సరిపోయే ఆధారం కూడా దొరికింది. ఆ తరవాత డార్జిలింగ్‌లో కొండచరియలు విరిగి నిజంగా సర్వనాశనమైన చోట, దుర్గానంద్ సిన్హా అనే మరో పరిశోధకుడికి అలాంటి ప్రళయ వార్తలు దాదాపు వినబడలేదు. కళ్లముందే అంత కనబడుతుంటే మాటతో పనేముంది?

దీన్ని పాలమూరు మీద పెట్టి చూస్తే చాలా అర్థమవుతుంది. పిల్లల్ని వదిలి వెళ్లిన తల్లి గుండెలో బెంగ ఎప్పటినుంచో ఉంది. దానికి పేరూ ముఖమూ లేవు. ఆడియో వచ్చి ముఖం ఇచ్చింది.

ముఖమే లేని పుకార్లు మనం కూడా ఎన్నో చూశాం. 1979లో స్కైలాబ్ నెత్తిన పడుతుందని తెలుగు పల్లెలు అల్లాడిపోయాయి. ఎలాగూ పోతామని కోళ్లు, మేకలు కోసుకు తిన్నారు, మొండి బాకీలు కూడా మాఫీ అనుకున్నారు. జులై 11న ఆ 77 టన్నుల అంతరిక్ష కేంద్రం ముక్కలై హిందూ మహాసముద్రంలోనూ పశ్చిమ ఆస్ట్రేలియాలోనూ పడింది. మిగిలింది చెప్పుకుని నవ్వుకోవడానికి ఒక కథ, 2021లో ఆ పేరుతోనే ఒక సినిమా. ‘ఓ స్త్రీ రేపు రా’ అని గోడల మీద రాసుకున్న కాలమూ అంతే. దెయ్యం ఎవరింటికీ రాలేదు, సుద్దముక్కలు మాత్రం ఖర్చయ్యాయి. ఆకాశంలోంచి పడే ఇనుమును ఎవరూ కర్రలతో కొట్టలేరు. దెయ్యాన్నీ చెట్టుకు కట్టేయలేరు. ప్రాణాలు పోయేది పుకారు చివర ఒక మనిషి నిలబడినప్పుడే.

‘ఎవరింటికొచ్చిండ్రు?’

ఊళ్లోకి కొత్త మనిషి అడుగుపెడితే అరుగు మీది ముసలాయన అడిగే మొదటి మాట ఇది. మనవాళ్లకు ఇది మర్యాద. ఫలానావాళ్లింటికి అంటే దారి చూపిస్తారు, కూర్చోబెట్టి మంచినీళ్లిస్తారు, మీ ఇంటిపేరేంటి, మీ మేనమామది ఏ ఊరు అని అడిగి పది నిమిషాల్లో ఏదో ఒక చుట్టరికం కలిపేస్తారు. అదే అంతకుముందున్న రక్షణ వ్యవస్థ. చక్కగానే పనిచేసింది. చుట్టరికం కలవని మనిషి వచ్చినప్పుడే అది ఆగిపోతుంది. గంగిరెద్దులవాడు, బుడబుక్కలవాడు, చీరలమ్మేవాడు, బిచ్చమెత్తే హిజ్రా ‘ఎవరింటికి’ అంటే ఏం చెబుతారు? వాళ్లది అన్ని ఇళ్లకూ వచ్చే బతుకు.

2018 జులై 1న మహారాష్ట్ర ధూలే జిల్లా రైన్‌పాడలో వారపు సంత. షోలాపూర్ వైపు నుంచి వచ్చిన నాథపంథీ దావరి గోసావి కులంవాళ్లు ఐదుగురు బస్సు దిగారు. ఊరూరా తిరిగి భిక్ష అడగడం వాళ్ల తాతల నాటి వృత్తి. ఒక చిన్నపిల్లతో మాట్లాడారని గుంపు చుట్టుముట్టింది. పంచాయతీ ఆఫీసులోకి లాక్కెళ్లి, తలుపేసి, ఐదుగురినీ కొట్టి చంపారు. అంతకు నెల ముందే మే 26 రాత్రి హైదరాబాద్ చాంద్రాయణగుట్టలో జరిగింది మనకింకా దగ్గరి సంగతి. రంజాన్ నెలలో భిక్షకోసం పాలమూరు వైపు నుంచి వచ్చిన ట్రాన్స్‌జెండర్ల మీద గుంపు పడింది, ఒకరు చనిపోయారు. పాలమూరులో పుకారుకు భయపడి తలుపులేసుకున్నారు. అదే పాలమూరు నుంచి పట్నానికి వచ్చినవాళ్లు అదే పుకారుకు బలయ్యారు.

ఇక కర్ణాటకలోని బీదర్. జులై 13, శుక్రవారం. హైదరాబాద్ నుంచి కొందరు యువకులు మిత్రుడి ఊరు హందికేర వైపు కారులో వెళ్లారు. వాళ్లలో ఒకరు ఖతార్ నుంచి వచ్చారు, వెంట అక్కడి చాక్లెట్లున్నాయి. దారిలో ఆగినచోట బడి పిల్లలు కనబడితే చాక్లెట్లు పంచారు. ఈ వాక్యం దగ్గర కాస్త ఆగాలి. నిజామాబాద్, జగిత్యాల, కరీంనగర్ పల్లెల్లో గల్ఫ్ నుంచి వచ్చినవాడు చాక్లెట్లు పంచకపోతే తప్పు. చుట్టాలకు సెంటు సీసాలు, వాడకట్టు పిల్లలకు చాక్లెట్లు. పిల్లలు ఆ రంగు కాగితాలను కూడా నోటుబుక్కుల్లో దాచుకుంటారు. ఆ తెలంగాణ మర్యాద సరిహద్దు దాటి ఆ ఊళ్లో దిగగానే నేరానికి సాక్ష్యమైపోయింది. చాక్లెట్‌తో పిల్లల్ని మత్తులో దించి ఎత్తుకుపోతారని వాళ్ల ఫోన్లు అప్పటికే చెప్పి ఉంచాయి.

జనం మూగారు, మాటామాటా పెరిగింది. యువకులు కారెక్కి బయటపడ్డారు. అయితే వాళ్ల కారు వీడియో, పిల్లల దొంగలన్న మాట వాళ్లకంటే ముందు ముర్కి చేరాయి. వాటిని మోసిన గ్రూపు పేరు ‘మదర్ ముర్కి’. ఊరిని తల్లిగా తలచి ఊరివాళ్లు పెట్టుకున్న పేరు. ముర్కి దగ్గర దారికి అడ్డం పెట్టారు. కారు అదుపు తప్పి పక్క గోతిలో పడింది. లోపలున్నవాళ్లను బయటికి లాగి రాళ్లతో, కర్రలతో కొట్టారు. కొద్దిమంది పోలీసులు అడ్డంపడి, తామూ దెబ్బలు తిని, మిగతావాళ్లను కాపాడగలిగారు. ఒకతను అక్కడే పోయాడు. వయసు 32, హైదరాబాద్‌లో సాఫ్ట్‌వేర్ ఇంజనీరు. గ్రూపు అడ్మిన్‌తో సహా ముప్పై మంది దాకా అరెస్టయ్యారు. ముర్కి గుంపులోని చాలామంది ఆ యువకులు పిల్లలతో మాట్లాడటం చూడనే లేదు. చూసిన ఊరు వేరు, చంపిన ఊరు వేరు. పాత పద్ధతిలో ఆ మాట ముర్కి చేరేలోపు కారు జహీరాబాద్ దాటి ఉండేది.

నాలుగు రోజుల తరవాత, జులై 17న సుప్రీంకోర్టు తెహసీన్ పూనావాలా కేసులో తీర్పు చెప్పింది. మూకదాడుల మీద ప్రత్యేక చట్టం చేయమంది, జిల్లాకో ఎస్పీ స్థాయి నోడల్ అధికారిని పెట్టమంది. అదే నెల్లో వాట్సాప్ ఫార్వర్డ్ అయిన సందేశానికి గుర్తు పెట్టింది, మనదేశంలో ఒక్కసారికి ఐదు చాట్లకే పంపేలా కట్టడి తెచ్చింది. 2019 జనవరిలో ఆ కట్టడిని ప్రపంచమంతటికీ పెట్టింది. ఇవి మంచివే. ఆ కట్టడితో బావమరిది ఒక్క దెబ్బకు ఇరవై గ్రూపులకు పంపలేకపోయాడు, నాలుగుసార్లు వేలు నొక్కాల్సి వచ్చింది.

అదే ఏడాది జులై ఆఖర్లో యాదగిరిగుట్టలో రాచకొండ పోలీసులు కొన్ని ఇళ్ల మీద దాడి చేసి 11 మంది ఆడపిల్లలను విడిపించారు. అందులో పసివాళ్లున్నారు. వ్యభిచారంలోకి దించడానికి వాళ్లను పెంచుతున్నారు, త్వరగా ఎదగాలని హార్మోన్ ఇంజెక్షన్లు ఇప్పించారు. రాష్ట్రమంతా పిల్లల దొంగల కోసం ఊరి పొలిమేరల్లో కర్రలు పట్టుకుని కాపలా కాస్తున్నప్పుడు, నిజంగా చెరపట్టిన పిల్లలు గుడికి పోయే దారిలో, నలుగురూ తిరిగే వాడల్లో, తలుపు వెనక ఉన్నారు. అది బయటపడింది ఒక పిల్లను కొడుతుంటే చూడలేక ఎవరో ఒకరు పోలీసులకు చెప్పడం వల్ల.

లోపలి చూపు

బయటివాడు దొరకనప్పుడు అనుమానం వాడకట్టులోకి తిరుగుతుంది. అప్పుడు దాని పేరు బాణామతి, లేకపోతే చేతబడి. మెదక్ పల్లెల్లో దశాబ్దాల పాటు దీని మీద సాగిన హింస ఒకే తీరు. ఇంట్లో మనిషికి అంతు చిక్కని జబ్బు, బర్రె పాలివ్వడం మానింది, పెళ్లికావాల్సిన పిల్ల అదోలా అరుస్తోంది. ఎవరు చేశారు? నిన్న బావి దగ్గర గొడవపడిన ముసలమ్మ. పొలంగట్టు తగాదా ఉన్న పాలివాడు. మంత్రం నోరు తిరగకూడదని పళ్లు ఊడగొట్టడం మెదక్‌లో ఎంత మామూలు శిక్ష అంటే, దానికి జనం పెద్దగా ఆశ్చర్యపోవడం మానేశారు. పార్థీ గ్యాంగ్ పుకారులో బాధితుడికి ఊళ్లో ఎవరూ తెలియదు. బాణామతి పుకారులో బాధితుడికి అందరూ తెలుసు. ఎవరి ఇంట్లో ఏ పెళ్లికి తను వడ్డించాడో కూడా తెలుసు.

2022 జనవరిలో జగిత్యాలలో తండ్రినీ ఇద్దరు కొడుకులనూ మంత్రాల అనుమానంతో పొడిచి చంపారు. ఏ చీకటి సందులోనో కాదు, సొంత కులసంఘం సమావేశానికి వచ్చినచోట, తమవాళ్ల మధ్యే.

జన విజ్ఞాన వేదికవాళ్లు ఏళ్ల తరబడి ఊళ్లకు వెళ్లి చేతిలో విబూది రాల్చి, నీళ్లతో దీపం వెలిగించి, ‘ఇదంతా రసాయనం’ అని చూపించారు. మంచి పని. కానీ ఆ ముసలమ్మ మీద అనుమానం విబూది దగ్గర పుట్టలేదు, పొలంగట్టు దగ్గర పుట్టింది. ఆసుపత్రి ముప్పై కిలోమీటర్లు, తగాదా తేల్చాల్సిన రెవెన్యూ కాగితం ఆఫీసులో ఏళ్లుగా ఆగిపోయి ఉంది. రోగానికీ తగాదాకూ దారి దొరకని చోట మంత్రగాడే కనబడతాడు. సర్వే రాయి పాతించడం కూడా మూఢనమ్మకాల నిర్మూలనలో భాగమని నా అభిప్రాయం.

డప్పు పట్టుకున్న పోలీసులు

గద్వాలకు తిరిగి వద్దాం. రెమా రాజేశ్వరి ప్రెస్‌మీట్ పెట్టి ‘పుకార్లు నమ్మవద్దు’ అని ఊరుకుని ఉంటే ఏమయ్యేదో ఊహించడం కష్టం కాదు. ‘ఏమీ లేకపోతే ఎస్పీ మేడం ఎందుకు చెబుతుంది? నిప్పు లేనిదే పొగ రాదు’ అనేవారు. ఆమె కానిస్టేబుళ్లకు, హోంగార్డులకు ఫోన్లో వచ్చేవాటిలో ఏది ఎక్కడిదో చూపించి, తర్ఫీదు ఇప్పించారు. వాళ్లు ఊళ్లకు వెళ్లి ఇంటింటికీ తిరిగారు, సర్పంచుల సాయంతో ఊరి గ్రూపుల్లో చేరారు. అనుమానం వస్తే పట్టుకుని కొట్టకండి, నాకు ఫోన్ చేయండి అన్నారు. డప్పు కొట్టించారు. పోలీసు కళాబృందాలు జానపద బాణీల్లో పాటలు కట్టి, గజ్జెలు కట్టుకుని ఆడి చెప్పాయి. ఊళ్లో డప్పు మోగితే అది పంచాయతీ మాటో, పండగో, చావో. మొత్తానికి వినాల్సిందే. పుకారు ఏ దారిన వచ్చిందో ఆ దారినే, నమ్మకమున్న మనుషుల నోటితోనే దానికి జవాబు పంపారు. ఆ వేసవిలో దేశవ్యాప్తంగా ఇరవై మందికి పైగా చచ్చిపోయారు. ఆ రెండు జిల్లాల్లో మాత్రం ఒక్క ప్రాణం కూడా పోలేదు.

పోలీసులు డప్పు కొట్టడంతో పనయిపోయిందని అనుకునేవాళ్లు చాలా జిల్లాల్లో కళాజాతలు మాత్రం పెట్టి ఊరుకున్నారు. అసలు పని అంతకుముందే జరిగింది. ఆ కానిస్టేబుల్ మొదటిసారి ఊళ్లోకి వెళ్లింది పుకారు వచ్చాక కాదు. తగాదాలు వినడానికో, బాల్య వివాహం ఆపడానికో, ఊరికే పలకరించడానికో వెళ్తూ ఉన్నాడు. ఊళ్లో పిల్లలకు అతని పేరు తెలుసు.

ఆ తెలియడం లేనిచోట ఏమవుతుందో 2020 ఏప్రిల్‌లో మహారాష్ట్ర పాల్‌ఘర్ జిల్లాలో తేలింది. లాక్‌డౌన్ రోజులు. దొంగలు తిరుగుతున్నారని, కిడ్నీలు తీసేవాళ్లు వేషాలేసుకుని వస్తున్నారని ఆ గిరిజన గ్రామాల్లో పుకారు. ఊరూరా రాత్రి కాపలా. 14వ తేదీన సాయం అందించి వస్తున్న ఒక డాక్టర్ మీద, వెంట ఉన్న పోలీసుల మీద దాడి జరిగింది. అది హెచ్చరికగా తీసుకున్నవాళ్లు లేరు. 16 రాత్రి గడ్‌చించలే దగ్గర అటవీశాఖ చెక్‌పోస్టులో ఒక కారు ఆగింది. ముంబై నుంచి సూరత్‌కు అంత్యక్రియలకు వెళ్తున్న ఇద్దరు సాధువులు, వాళ్ల డ్రైవరు. పోలీసులు వచ్చారు. వందల్లో మూగిన జనం పోలీసుల కళ్లముందే ముగ్గురినీ చంపేశారు. గద్వాల ఊళ్లలో పోలీసు మాట పుకారును ఆపింది. ఇక్కడ పోలీసు దొంగలను తప్పించడానికి వచ్చినవాడిలా కనబడ్డాడు.

వీడియో బయటికొచ్చాక రెండో పుకారు లేచింది. చంపింది ఫలానా మతంవాళ్లని ఒక రోజులో దేశమంతా పాకింది. దాన్ని పాకించినవాళ్లు అడవి పల్లెల వాళ్లు కారు, లాక్‌డౌన్‌లో ఏసీ గదుల్లో కూర్చున్నవాళ్లు. ఆ రాష్ట్ర అప్పటి హోం మంత్రి అనిల్ దేశ్‌ముఖ్ చివరికి అరెస్టయిన 101 మంది పేర్ల జాబితాను బయటపెట్టి, అందులో ఒక్క ముస్లిం కూడా లేడని చెప్పాల్సి వచ్చింది. ఆ జాబితాను చూశాక కూడా ‘అసలువాళ్లను దాచేశారు’ అన్న సందేశాలు తిరిగాయి. వాటిలో కొన్ని తెలుగులో ఉన్నాయి, చక్కటి భాషలో, అచ్చుతప్పు లేకుండా.